ముక్కులు కొలిచిన మాస్టారు

మా జువాలజీ మాస్టారు పోయారన్న కబురు నాకు మా పేపరు ఆఫీసులో ఒక చీటీ మీద వచ్చింది. ఊళ్ళో ఎవరైనా పోతే బంధువులు వివరాలు కాగితం మీద రాసి మా కౌంటర్లో ఇచ్చి వెళ్తారు. ఇదీ అలాంటిదే. వయసు అరవై నాలుగు. తెల్లవారుజామున ఇంట్లోనే, నిద్రలో. దహనం సాయంత్రం నాలుగింటికి. వృత్తి దగ్గర 'రిటైర్డ్ ప్రిన్సిపాల్' అని ఉంది. ఆయన ప్రిన్సిపాల్ కాలేదు. లెక్చరర్‌గా చేరారు, లెక్చరర్‌గానే రిటైరయ్యారు. ఇంట్లోవాళ్ళు గౌరవం కోసం అలా రాసి ఉంటారు. నేను ఆ మాట కొట్టేసి 'లెక్చరర్' అని దిద్ది కంపోజింగ్‌కి పంపాను. తన వార్త తానే చూసుకునే వీలుంటే ఆయన మొదట దిద్దేది అదే.

వార్త నాలుగు లైన్లు వచ్చింది. ఆ నాలుగు లైన్లలో పట్టని సంగతులు కొన్ని ఉన్నాయి. వాటిలో ఒక తప్పు కూడా ఉంది. ఆ తప్పు నాది. అది చెప్పకుండా ఆయన గురించి రాయడం కుదరదు.

మాస్టారి తండ్రి కృష్ణా జిల్లా నుంచి మా ఊరి పోర్టులో ఉద్యోగానికి వచ్చి ఇక్కడే ఉండిపోయారు. మాస్టారు పోర్టు క్వార్టర్సులో పెరిగారు. ఇక్కడి యాస ఆయనకి పూర్తిగా అర్థమయ్యేది, నోటికి మాత్రం రాలేదు. సన్నగా, పొడుగ్గా ఉండేవారు. ఎండాకాలమైనా వానాకాలమైనా చేతిలో గొడుగు. పొద్దున్న ఆరింటికి పడవలు ఒడ్డుకు చేరే చోట నిలబడేవారు. వలల్లో పడి ఎవరూ కొనని వింత ప్రాణుల్ని కొనుక్కెళ్ళి కాలేజీ ల్యాబులో ఫార్మలిన్ సీసాల్లో పెట్టేవారు. చేపలమ్మే ఆడవాళ్ళు ఆయన్ని 'సీసాల మాస్టారు' అనేవారు.

ఒకసారి నేను పక్కనుండగా ఒక ముసలావిడ తట్టలోంచి ఒళ్ళంతా ముళ్ళున్న చేపని తోక పట్టుకుని ఎత్తింది.

"ఏటి మాస్టారూ, దీన్ని వొండుకుంతారా, సీసాలో ఎడతారా?"

సీసాలోకేనని ఆయన చెప్పారు.

"అయితే నిన్నటిది ఇత్తాను ఉండండి. ఎలాగా తినరు కదేటి."

నిన్నటిదైతే కళ్ళు తెల్లబడి ఉంటాయనీ, తాజా కన్ను చూపించకపోతే పిల్లలకి చేప గురించి చెప్పి లాభం లేదనీ ఆయన ఆవిడకి ఓపిగ్గా వివరించారు. ఆవిడని 'మీరు' అనే పిలిచారు. సముద్రం గురించి తనకు తెలిసిన దానిలో సగం ఆ తట్టల దగ్గర నేర్చుకున్నదేనని క్లాసులో చాలాసార్లు చెప్పారు. అది వినయం కోసం అన్న మాట కాదు. సీసాల మీద అంటించే కాగితాల్లో ఇంగ్లీషు పేరు, లాటిన్ పేరు, కింద జాలర్లు పిలిచే పేరు, ఆ పేరు చెప్పినవాళ్ళ పేరు కూడా రాసేవారు.

డెబ్భైల మొదట్లో నేను ఆయన దగ్గర ఇంటర్మీడియట్ బైపీసీ చదివాను. మా కాలేజీ స్వాతంత్ర్యం రాకముందుది. ల్యాబు వెనక అల్మారాలో ఒక చిన్న పెట్టె ఉండేది. లోపల నీలం మఖమల్ మీద ఇత్తడి కాలిపర్, రెండు కొమ్మల మధ్య పట్టి కొలిచే పరికరం. దానితోపాటు ఖాళీ ఫారాల కట్ట. పేరు, కులం, తల చుట్టుకొలత, ముక్కు పొడవు, ముక్కు వెడల్పు, అట్టడుగున కొలిచిన అధికారి సంతకం. మద్రాసు ప్రెసిడెన్సీలో తెల్ల అధికారులు సంతల్లో, జైళ్ళలో, రేవుల్లో మనుషుల్ని నిలబెట్టి ముక్కులు కొలిచిన కాలం నాటివి అవి. కాలేజీకి ఎలా చేరాయో ఎవరికీ తెలియదు.

పరిణామ సిద్ధాంతం పాఠం వచ్చిన రోజున మాస్టారు ఆ పెట్టె తెరిచేవారు. ఏటా అదొక ఆనవాయితీ. ముందు ఆ కాలపు సూత్రం చెప్పేవారు. ముక్కు ఎంత సన్నగా ఉంటే జాతి అంత పైది, ఎంత వెడల్పుగా ఉంటే అంత కిందిది. తర్వాత క్లాసులో ప్రతి ఒక్కరి ముక్కూ కొలిచి బోర్డు మీద వరసగా రాసేవారు. పక్కనే క్వార్టర్లీ మార్కులు వేసేవారు. రెండు వరసలూ ఏ సంవత్సరమూ కలవలేదు. మా బ్యాచిలో అందరికన్నా సన్నని ముక్కు నాది. "ఈ లెక్క ప్రకారం నువ్వు వైస్రాయివి కావాలయ్యా. కప్ప గుండెకి ఎన్ని గదులో మాత్రం నీకు తెలియదు" అన్నారు. క్లాసంతా నవ్వింది. నేనూ నవ్వాను.

నవ్వు ఆగాక అసలు పాఠం చెప్పేవారు. పుస్తకంలో 'యోగ్యతముల సార్థక జీవనం', అంటే తగినవే బతుకుతాయి అని ఉన్న మాట మొదట ఆ సిద్ధాంతం చెప్పిన శాస్త్రవేత్త అన్నది కాదన్నారు. సమాజం గురించి రాసే ఒక తత్వవేత్త అన్నాడు, శాస్త్రవేత్త తర్వాత తీసుకున్నాడు. ఆ తర్వాత పిట్టల గురించీ తాబేళ్ళ గురించీ చెప్పిన సంగతిని తీసుకెళ్ళి మనుషులకి అంటగట్టారు. మిల్లు యజమాని కూలివాణ్ణి చూసి, తెల్లవాడు నల్లవాణ్ణి చూసి, 'నువ్వు ఓడిపోయావు, ఇది నా తీర్పు కాదు, ప్రకృతిది' అనడానికి అది పనికొచ్చింది. దానికి సోషల్ డార్వినిజం అని పేరు. మద్రాసు ప్రెసిడెన్సీలో కరువు వచ్చి జనం రోడ్ల మీద పడి చస్తుంటే ధాన్యం ఓడలెక్కింది. అడ్డుపడకూడదు, బలహీనులు పోవడం సహజమే అనుకున్న దొరలు ఉన్నారు. ఆఫ్రికాని పంచుకున్నప్పుడూ అదే మాట. జర్మనీలో ఆ మాట ఎక్కడిదాకా వెళ్ళిందో ఆయన వివరంగా చెప్పలేదు. గొంతు మార్చకుండా, "గ్యాస్ గదుల దాకా" అని మాత్రం అన్నారు.

చివర్లో ఇంకొకటి చెప్పేవారు. "తెల్లవాడి కొలత మనలో చాలామందికి ఎందుకు నచ్చిందో తెలుసా? కొలవడం అయ్యాక పై వరసలో మనమే ఉన్నాం కాబట్టి." ఆయనది ఏ కులమో, నాది ఏ కులమో క్లాసులో అందరికీ తెలుసు. ఆ మాటకి ఎవరూ నవ్వేవాళ్ళు కాదు.

అదే వారంలో ఒక రోజు పాటు సమయంలో, నీళ్ళు వెనక్కి తగ్గినప్పుడు, మమ్మల్ని బీచి రాళ్ళ దగ్గరికి తీసుకెళ్ళారు. రాయికి అతుక్కుని ఉన్న తెల్లటి గుల్లల్ని చూపించి, సముద్రంలో అన్నిటికన్నా బలమైనది ఏదని అడిగారు. సొరచేప అన్నాం. "తెచ్చి ఈ రాయి మీద పెట్టు. మళ్ళీ పోటు వచ్చేదాకా బతకమను" అన్నారు. ప్రకృతిలో ఎవడు పైన, ఎవడు కింద అన్న ప్రశ్నే లేదనీ, ఎవరు ఎక్కడ బతకగలరన్నదే ఉందనీ చెప్పారు. తర్వాత అన్న మాట నేను నోట్సులో రాసుకున్నాను. "ప్రకృతి ఎవరికీ సర్టిఫికెట్ ఇవ్వదు. ఎవడైనా ప్రకృతి ఇచ్చిన సర్టిఫికెట్ చూపిస్తే, కింద సంతకం ఎవరిదో చూడండి."

పరీక్షలో అది రాలేదు. కాబట్టి మర్చిపోయాను.

నాలుగైదేళ్ళ తర్వాత నేను పేపర్లో చేరాను. అప్పట్లో హార్బరు పక్కన కొత్త కట్టడాలు వస్తున్నాయి. ఓడలు బాగుచేసే ఒక కంపెనీ వర్క్‌షాపు కోసం ఒడ్డునున్న ఒక జాలరి పల్లెని ఖాళీ చేయించి, కొండవైపు స్థలాలిచ్చారు. ఆ కంపెనీ ఇప్పుడు వేరే చేతుల్లో, వేరే పేరుతో ఉంది. పాత పేరుతో పనిలేదు. పడవ దించడానికి పల్లెవాళ్ళు రోజూ రెండు మైళ్ళు నడవాల్సి వచ్చింది. బదులుగా ఇంటికొక కుర్రాడికి వర్క్‌షాపులో పని ఇస్తామని కంపెనీ మాటిచ్చింది. నేను ఆ పల్లెలో నెల రోజులు తిరిగి మూడు వ్యాసాలు రాశాను.

రెండో వ్యాసానికి కొంత పూర్వచరిత్ర కావాల్సి వచ్చింది. లైబ్రరీకి వెళ్ళి జిల్లా గురించి తెల్లవాళ్ళ కాలంలో అచ్చయిన ఒక సర్కారు పుస్తకం తీశాను. అందులో ఈ జాలరి కులంవాళ్ళ గురించి ఒక పేరా ఉంది. దాన్ని తెలుగులో పెట్టాను. 'వీరు సాహసవంతులు. కాని గడియారం ప్రకారం, యంత్రాల మధ్య చేసే పనికి స్వభావరీత్యా తగరు అని నాటి అధికారులు రాశారు.' పేరా ముగింపు బరువుగా ఉండాలని నా సొంత వాక్యం ఒకటి చేర్చాను. 'కాలంతోపాటు మారలేనివారు వెనకబడటం ప్రకృతి నియమం.'

ఆ సాయంత్రం పేజీ కడుతుంటే మ్యాటర్ ఒక లైను ఎక్కువైంది. ప్రెస్సు ఫోర్‌మన్ గ్యాలీ ప్రూఫు, అంటే దిద్దడానికి తీసిన అచ్చు కాగితం, నా చేతిలో పెట్టి ఏది తీయమంటారని అడిగాడు. పేజీ ఆలస్యమవుతోంది. నేను పెన్ను తీసి 'అని నాటి అధికారులు రాశారు' అన్నది కొట్టేశాను. లైను తగ్గింది. పేజీ సరిపోయింది. ఇంకేదైనా కొట్టేయవచ్చు. నా సొంత వాక్యం కొట్టేయవచ్చు. కాని అది బాగా కుదిరిందనిపించింది.

కొన్ని నెలల తర్వాత ఒక మధ్యాహ్నం మాస్టారు మా ఆఫీసుకి వచ్చారు. గొడుగు గోడకి ఆనించి, ఎదురుగా కూర్చుని, చొక్కా జేబులోంచి మడతపెట్టిన పేపరు ముక్క తీశారు. నా వ్యాసమే. ఆ వాక్యం కింద ఎర్ర సిరాతో గీత ఉంది. ఆ గీత ఆయనది కాదని తర్వాత తెలిసింది.

"ఇది ఎవరు చెప్పారయ్యా?"

పుస్తకంలో ఉందన్నాను.

"పుస్తకం ఎవరిది?"

చెప్పాను.

"ఆ సంగతి ఏ లైన్లో ఉంది?"

లేదని చెప్పాను. ఎందుకు లేదో కూడా చెప్పాను. ఆయన ఆ ముక్కని నా వైపు తిప్పారు. "తెల్లవాడు కనీసం సంతకం పెట్టాడు. నువ్వు అతని మాట తీసుకుని, అతని సంతకం చెరిపేసి, ప్రకృతి సంతకం పెట్టావు" అన్నారు. గొంతులో కోపం లేదు. ల్యాబులో స్పెసిమెన్ గురించి చెప్పినట్టే చెప్పారు.

జరిగింది ఇది. వర్క్‌షాపులో అప్రెంటిసుల జాబితా తయారైంది. అందులో ఆ పల్లెవాడు ఒక్కడూ లేడు. దరఖాస్తులన్నిటి మీదా 'యంత్రాల పనికి తగరు' అని ఒకే మాట. తిరస్కరించిన వాళ్ళలో నూకరాజు ఒకడు. మాస్టారి దగ్గర ఇంటర్ చదివి, ఐటీఐలో ఫిట్టరు కోర్సు మొదటి తరగతిలో పాసయ్యాడు. నాకన్నా నాలుగేళ్ళు చిన్న. అతను కంపెనీ చుట్టూ తిరిగి గుమస్తాని అడిగితే ఫైలు చూపించాడు. ఫైల్లో పాత పుస్తకంలోని పేరా నకలు, దాని కింద నా వ్యాసం కత్తిరింపు. ఎర్ర గీత కంపెనీవాళ్ళది. నూకరాజు గుమస్తాని బతిమాలి ఆ కత్తిరింపు తీసుకుని మాస్టారి దగ్గరికి వెళ్ళాడు.

పది రోజుల్లో జాబితా ఖాయమవుతుంది. అంతకుముందు ఒక రోజు అభ్యంతరాలు వింటామని కంపెనీ ప్రకటించింది. మాస్టారు నన్ను రెండు అడిగారు. ఒకటి, పేపర్లో సవరణ. రెండు, ఆ రోజు వచ్చి నిజం చెప్పడం.

సవరణ సంగతి న్యూస్ ఎడిటర్‌ని అడిగాను. ముప్పై ఏళ్ళ సర్వీసు ఉన్న మనిషి. ఎవరూ కంప్లయింటు ఇవ్వని దానికి సవరణ ఏమిటని ఆయన ప్రశ్న. కులం మీద రాసిన మాటని మళ్ళీ కదిలిస్తే లేని గొడవ లేస్తుందని సలహా. నా ఉద్యోగం ఇంకా పర్మనెంటు కాలేదని ఆయన గుర్తు చేయలేదు. చేయనక్కర్లేదు. సవరణ పడలేదు. అభ్యంతరాలు వినే రోజుకి మాత్రం నేను సెలవు పెట్టాను.

అభ్యంతరాలు విన్నది కంపెనీ క్యాంటీను హాల్లో. పర్సనెల్ ఆఫీసరు రాజమండ్రి ప్రాంతం మనిషి. చెడ్డవాడు కాదు. పల్లె నుంచి వచ్చిన అందరికీ బెంచీలు వేయించాడు, మంచినీళ్ళు ఇప్పించాడు. రెవెన్యూ ఆఫీసు నుంచి ఒక గుమస్తా రాసుకోవడానికి వచ్చి కూర్చున్నాడు. ఆఫీసరు నెమ్మదిగా తన వాదన చెప్పాడు. కంపెనీకి ఎవరి మీదా ద్వేషం లేదు. యంత్రాల దగ్గర ప్రమాదాలు జరిగితే ఎవరిది బాధ్యత? ఈ సంగతి సర్కారు పుస్తకంలో ఉంది. ఈ మధ్యనే ఒక పేపరు విలేకరి నెల రోజులు పల్లెలో తిరిగి అదే రాశాడు. "రెండు వేర్వేరు కాలాల్లో ఇద్దరు వేర్వేరు మనుషులు ఒకటే చెప్పారంటే, అందులో ఏదో ఉంటుంది కదండీ" అన్నాడు.

నేను లేచి, ఇద్దరు కాదని చెప్పాను. ఆ పుస్తకం చూసే రాశానని చెప్పాను. ప్రకృతి నియమం అన్న వాక్యం మాత్రం నాది, దానికి ఏ ఆధారమూ లేదని చెప్పాను.

ఆయన కాగితాల మీదినుంచి తలెత్తి చూశాడు. "మరి పల్లెలో మీరు కళ్ళతో చూసిందేమిటండి?"

చూసింది ఉంది. మోటారు బిగించిన పడవ ఒకటి ఆ పల్లెకి అప్పుడే వచ్చింది. దాని ఇంజను పాడైతే నలుగురు కుర్రాళ్ళు ఇసకలో గోనెపట్టా పరిచి, విప్పిన ప్రతి భాగాన్నీ విప్పిన వరసలోనే పేర్చి, మళ్ళీ బిగించి, మధ్యాహ్నానికి నడిపించారు. నేను పక్కనే కూర్చుని వాళ్ళిచ్చిన టీ తాగాను. అది చెప్పాను. ఎందుకు రాయలేదని ఆయన అడిగాడు. ఇప్పుడు ఆలోచిస్తే, పుస్తకంలో లేనిది ముఖ్యం కాదనిపించి ఉంటుంది.

అప్పుడు మాస్టారు లేచారు. సంచిలోంచి నీలం మఖమల్ పెట్టె తీశారు. మీకు అభ్యంతరం లేకపోతే ఒక కొలత తీసుకుంటానని ఆఫీసరుని అడిగారు. ఆయన ఆశ్చర్యపోయి, నవ్వి, సరే అన్నాడు. మాస్టారు ఆయన ముక్కు కొలిచారు. నూకరాజుని ముందుకు పిలిచి అతని ముక్కూ కొలిచారు. అలాంటి సర్కారు పుస్తకమే ఇంకొకటి తెరిచి, అందులోని పట్టిక మీద వేలు పెట్టి, "ఈ లెక్క ప్రకారం మీరిద్దరూ స్థలాలు మార్చుకోవాలండి. మీరు పడవలోకి, ఇతను ఆ కుర్చీలోకి" అన్నారు. హాలంతా నవ్వింది. ఆఫీసరు కూడా నవ్వాడు. బెంచీల మీద ఒకడు పక్కవాణ్ణి మోచేత్తో పొడిచి, "ఒరే బావా, ఆఫీసరు గోరికి వల నేర్పుదువు గానీ రారా" అన్నాడు. పని అయిపోయిందనుకున్నాను.

నూకరాజు నవ్వలేదు. కొలిపించుకోవడానికి నిలబడ్డ చోటే నిలబడి ఉన్నాడు.

"మాస్టారూ, మీరేటనుకోకండి. ఒక్క మాట."

మాస్టారు చెప్పమన్నారు.

"నా ముక్కు సన్నంగుందని నాకు ఉద్యోగమిత్తే, రేపు మా తమ్ముడి ముక్కు లావుగుందని ఆడికి ఇవ్వరు. ముక్కు సూసి ఇచ్చింది ముక్కు సూసే పీకేత్తారు. నాకా లెక్కొద్దండి." ఆఫీసరు వైపు తిరిగాడు. "నాను ఫిట్టర్నండి. ఇనప బిళ్ళా ఆకురాయీ ఇవ్వండి. పని సూసి కాదంటే ఎల్లిపోతాను. పని సూడకుండా కాదంటే మాత్రం ఎల్లనండి."

మాస్టారు కాలిపర్‌ని పెట్టెలో పెట్టడానికి కొంచెం సమయం పట్టింది. మూత సరిగ్గా పడలేదు, రెండుసార్లు నొక్కారు. తర్వాత రెవెన్యూ గుమస్తాతో అన్నారు: "అతను చెప్పింది రాసుకోండి. నేను చేసింది కొట్టేయండి."

పరీక్ష పెట్టారు. కంపెనీ ఐటీఐ చదివినవాళ్ళని మూడు రోజులు పిలిచి, ఒక ఇనప పలకలో చతురస్రపు రంధ్రం చేసి, అందులో సరిగ్గా ఇమిడేలా ఇంకో ముక్క అరగదీయమంది. ఫిట్టర్లకి మామూలుగా పెట్టే పరీక్షే. పల్లె కుర్రాళ్ళలో ఎక్కువమంది నెగ్గారు. నూకరాజుకి పని దొరికింది. ఐటీఐ చదవనివాళ్ళ సంగతి తర్వాత చూస్తామన్నారు. చూడలేదు. వాళ్ళు ఇప్పటికీ రెండు మైళ్ళు నడిచి పడవ దించుతున్నారు. ఇదీ రాయాల్సిన సంగతే.

ఆ రోజు హాల్లో జరిగినదాన్ని నేను వార్తగా రాసిచ్చాను. నా వాక్యం గురించి నేను ఒప్పుకున్నది కూడా అందులో ఒక పేరా. న్యూస్ ఎడిటర్ రెండుసార్లు చదివి, కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "సవరణైతే ఆపేవాణ్ణి. వార్తని ఎలా ఆపుతాం" అని సంతకం పెట్టి పంపాడు.

క్యాంటీను నుంచి బస్‌స్టాపు దాకా మాస్టారూ నేనూ నడిచాం. గెలిచిన మనిషిలా లేరు. టీ బడ్డీ దగ్గర ఆగి, టీ సాసర్లో పోసుకుని, తాగకుండా పట్టుకుని నిలబడ్డారు.

"వాళ్ళ కొలబద్ద తప్పని చెప్పడానికి వాళ్ళ కొలబద్దే వాడాను. పాతికేళ్ళుగా క్లాసులో అదే చేస్తున్నాను. పిల్లలు నవ్వారు కాబట్టి పాఠం బాగా చెప్పాననుకున్నాను. బోర్డు మీద అట్టడుగున పేరున్న పిల్లవాడు ఆ నవ్వుల మధ్య ఎలా కూర్చున్నాడో ఒక్కసారీ చూడలేదయ్యా."

మార్కులతో కలవలేదు కదా, వాళ్ళకీ అర్థమై ఉంటుంది అన్నాను.

"నీ ముక్కు సన్నం. నీకు అర్థమైంది" అన్నారు.

ఆ తర్వాత ఆయన క్లాసులో ముక్కులు కొలవలేదు. కాలిపర్ అల్మారాలోనే ఉండిపోయింది. ఖాళీ ఫారం ఒకటి మాత్రం బెంచీల వెంట చేతులు మారేలా ఇచ్చి, ఇందులో అడగని సంగతులేమిటో రాసి ఇమ్మనేవారని తర్వాతి బ్యాచివాళ్ళు చెప్పారు. ఒక అమ్మాయి 'ఏ పని వచ్చు' అని రాసిందట. దాన్ని ఆయన నోటీసు బోర్డుకి గుచ్చారట.

నా తప్పు గురించి మళ్ళీ ఎప్పుడూ ఎత్తలేదు. కాని నా పేరుతో ఏదైనా అచ్చయితే చదివేవారు. 'అంటున్నారు', 'భావిస్తున్నారు', 'తెలుస్తోంది' అని నేను రాసినప్పుడల్లా రెండు రోజుల్లో ఒక పోస్టు కార్డు వచ్చేది. కార్డు మీద ఒకే మాట: 'ఎవరు?' కింద ఆయన సంతకం, తేదీ. అలాంటివి నా బల్ల సొరుగులో చాలా ఉన్నాయి. వాటివల్ల నేను మంచి రాతగాణ్ణి అయ్యానో లేదో తెలియదు. నా వార్తల్లో ఆ మూడు మాటలు మాత్రం తగ్గాయి.

ఎనభైల్లో ఉక్కు ఫ్యాక్టరీ కోసం ఊళ్ళు ఖాళీ చేయించినప్పుడు, స్థానికులు బద్ధకస్తులని ఒక కాంట్రాక్టరు నాతో అన్నాడు. పేరుతో సహా రాశాను. ఆ వారం వచ్చిన కార్డు కొంచెం పొడుగు. 'ఈసారి సంతకం ఉంది. బాగుంది. కాని వాళ్ళు పని చేస్తుండగా అతను ఒక్కసారైనా నిలబడి చూశాడా అని అడిగావా?' అడగలేదు. మర్నాడు వెళ్ళి అడిగాను. చూడలేదన్నాడు. అదీ రాశాను.

రిటైరయ్యాక కూడా ఆయన పొద్దున్నే ఒడ్డుకి వెళ్ళేవారట. సీసాలు లేవు కాబట్టి ఏమీ కొనేవారు కాదు. పేర్లు మాత్రం అడిగి రాసుకునేవారు. ఆఖరి రోజుల్లో మోకాళ్ళ నొప్పితో అదీ మానేశారు. నేను చివరిసారి ఇంటికి వెళ్ళినప్పుడు పడక్కుర్చీలో కూర్చుని, తన దగ్గర చదివిన పిల్లలు ఎవరెక్కడున్నారో అడిగారు. ఎవరు ఎంత పెద్ద ఉద్యోగంలో ఉన్నారో చెప్పబోతే వినలేదు. ఏం పని చేస్తున్నారో చెప్పమన్నారు.

చీటీ కంపోజింగ్‌కి పంపాక నేను నూకరాజుకి చెప్పడానికి వర్క్‌షాపుకి వెళ్ళాను. అతను ఇప్పుడు అక్కడ ట్రైనింగు విభాగంలో ఫోర్‌మన్. ఆ రోజు కొత్త అప్రెంటిసుల పరీక్ష. కుర్రాళ్ళంతా బయట వరండాలో కూర్చుని ఉన్నారు. లోపల అతనొక్కడే, ముందు పొడుగాటి బల్ల, దాని మీద ఇనప ముక్కలు వరసగా. ప్రతి దాని మీదా అంకె పొడిచి ఉంది. పేర్లు లేవు. పేర్లున్న జాబితా ఎక్కడని అడిగితే, అది సీలు వేసి ఆఫీసులో ఉందన్నాడు. ఈ పద్ధతి తనే పెట్టించాడట.

కబురు చెప్పాను. చేతిలో ఉన్న ముక్క బల్ల మీద పెట్టి, నూనె గుడ్డతో వేళ్ళు తుడుచుకున్నాడు. చాలాసేపు తుడుచుకున్నాడు.

"ఎన్ని గంటలకండి?"

నాలుగింటికని చెప్పాను. గోడ గడియారం చూశాడు, బల్ల చూశాడు.

"ఇంకా పద్నాలుగున్నాయండి. ఇవి సూసేసి వచ్చెత్తాను. మద్దిలో ఒగ్గేత్తే ఆలకి అన్నేయం."

నేను ఆగుతానన్నాను. అతను మళ్ళీ పని మొదలుపెట్టాడు. పలకలోని రంధ్రంలో ముక్కని దూర్చి, కిటికీ వైపు తిరిగి, రెండు చేతులతో కళ్ళకి ఎదురుగా ఎత్తి పట్టుకున్నాడు. ఖాళీ మిగిలితే వెలుతురు కనిపిస్తుంది, మిగలకపోతే కనిపించదు. ముక్కని నాలుగు వైపులా తిప్పి తిప్పి చూశాడు. ఒక అంచు వెంట వెంట్రుక మందం వెలుగు కనబడింది. అంకె రాసుకుని, దాన్ని పక్కన పెట్టి, ఇంకొకటి తీసి కిటికీ వైపు ఎత్తాడు. ఈసారి ఎక్కడా వెలుతురు రాలేదు, పలక నల్లగానే ఉంది. అతను దాన్ని అలాగే, దించకుండా, పట్టుకుని నిలబడ్డాడు.